స్కైరిమ్‌కి మాడ్స్ వేయడం ఎలా: మాడ్ ఆర్గనైజర్ 2తో మొదటి నుంచీ

"మాడ్స్ వేశాను, లోగో కనిపించగానే గేమ్ మూసుకుపోతోంది. ఏం చేయాలి?" అని నన్ను చాలామంది అడుగుతుంటారు. మాడ్స్ అంటే గేమ్ రూపాన్నీ, తీరునీ మార్చడానికి ఆటగాళ్లు తయారుచేసిన అదనపు ఫైళ్లు. నేను ప్రతివారినీ తిరిగి అడిగేది ఒకటే: చివరగా వేసిన మాడ్ ఏది? ఎక్కువమంది దగ్గర జవాబు ఉండదు. ఒకే రాత్రి నలభై మాడ్స్ దించి, అన్నీ ఒకేసారి ఆన్ చేసి ఉంటారు. అప్పుడు తప్పు ఎక్కడుందో వెతకడం గడ్డివాములో సూదిని వెతికినట్టే.

కంప్యూటర్‌లో ఆడేందుకు, గేమ్‌ల ఆన్‌లైన్ దుకాణం స్టీమ్‌లో కొన్న స్కైరిమ్ స్పెషల్ ఎడిషన్ కోసం రాసిన మార్గదర్శి ఇది. మాడ్స్‌ని వేసి వరసలో పెట్టడానికి వాడే యాప్ మాడ్ ఆర్గనైజర్ 2. అందరూ ఎంఓ2 అంటారు, నేనూ అలాగే రాస్తాను. ఇదే పని చేసే వోర్టెక్స్ కూడా మంచి యాప్‌. కానీ స్కైరిమ్‌లో ఏ మాడ్ ఫైల్ ఏ మాడ్ ఫైల్‌ని తొక్కేస్తోందో ఎంఓ2లో కంటికి కనిపిస్తుంది. నేర్చుకునేవాళ్లకు అదే పెద్ద సాయం.

అంకెల వరసలోనే వెళ్లండి. 1, 2 విసుగనిపించినా దాటేయొద్దు.

## 1. గేమ్ ఉన్న చోటు సరిచేసుకోండి

స్టీమ్ మామూలుగా గేమ్‌ని సీ డ్రైవ్‌లో ప్రోగ్రామ్ ఫైల్స్ కింద పెడుతుంది. ఆ ఫోల్డర్‌కి విండోస్ కాపలా గట్టిగా ఉంటుంది. మాడింగ్ టూల్స్ అక్కడ ఏదైనా రాయబోతే అడ్డుపడుతుంది.

ఇంకో డ్రైవ్ ఉంటే స్టీమ్ సెట్టింగ్స్‌లో స్టోరేజ్‌కి వెళ్లి ఆ డ్రైవ్‌లో లైబ్రరీ చేర్చండి, తర్వాత గేమ్‌ని అక్కడికి మూవ్ చేయండి. మళ్లీ డౌన్‌లోడ్ అవసరం ఉండదు, డేటా ఖర్చు కాదు. సీ డ్రైవ్ ఒక్కటే ఉంటే స్టీమ్‌నే ప్రోగ్రామ్ ఫైల్స్ బయట ఇన్‌స్టాల్ చేసుకోవడం మేలు.

ఫోల్డర్ల పేర్లు ఇంగ్లీషు అక్షరాల్లో, పొట్టిగా పెట్టండి. కొందరు విండోస్ యూజర్ పేరు తెలుగు లిపిలో పెట్టుకుంటారు. ముచ్చటగానే ఉంటుంది, కానీ పాత మాడింగ్ టూల్స్ కొన్ని ఆ పేరున్న దారిలో ఫైళ్లు చదవలేక తడబడతాయి. డెస్క్‌టాప్‌, డౌన్‌లోడ్స్ ఫోల్డర్లు ఆ యూజర్ పేరు కిందే ఉంటాయి కాబట్టి మాడ్స్‌ని అక్కడ పెట్టొద్దు.

వన్‌డ్రైవ్ సంగతి కూడా చూడండి. అది మీ డాక్యుమెంట్స్ ఫోల్డర్‌ని సింక్ చేస్తుంటే గేమ్ సెట్టింగ్స్ ఫైళ్లు, సేవ్‌లు ఒకచోట ఉన్నట్టు కనిపించి ఇంకోచోట ఉంటాయి. డాక్యుమెంట్స్‌కి సింక్ ఆపేయండి.

చివరగా, మాడ్స్ ఏవీ లేకుండా గేమ్‌ని స్టీమ్ నుంచి ఒకసారి తెరిచి, మెయిన్ మెనూ దాకా వెళ్లి మూసేయండి. గేమ్ తన సెట్టింగ్స్ ఫైళ్లను తయారుచేసుకునేది అప్పుడే. గేమ్‌తో ఉచితంగా వచ్చే 4 క్రియేషన్లు, అంటే అధికారిక చేర్పులు (సర్వైవల్ మోడ్, ఫిషింగ్, రేర్ క్యూరియోస్, సెయింట్స్ అండ్ సెడ్యూసర్స్) దిగాయో లేదో కూడా అప్పుడే చూసుకోండి. ఇవి లేకపోతే ముందు ముందు ఒక ముఖ్యమైన మాడ్ పనిచేయదు.

ముందుకు వెళ్లేముందు:

- గేమ్ ప్రోగ్రామ్ ఫైల్స్ బయట ఉంది
- ఫోల్డర్ పేర్లలో తెలుగు లిపి లేదు
- డాక్యుమెంట్స్‌కి వన్‌డ్రైవ్ సింక్ లేదు
- మాడ్స్ లేకుండా గేమ్ మెనూ దాకా తెరుచుకుంది
- 7-జిప్ (కుదించిన ఫైళ్లను విప్పే యాప్) ఇన్‌స్టాల్ అయి ఉంది

## 2. వెర్షన్ నంబర్ రాసుకోండి, అప్‌డేట్‌ని ఆపండి

నా దృష్టిలో ఈ మొత్తంలో అతి ముఖ్యమైన అడుగు ఇదే. స్పెషల్ ఎడిషన్ 2016లో వచ్చింది. ఐదేళ్ల తర్వాత, 2021 నవంబరులో, యానివర్సరీ అప్‌డేట్ వచ్చినప్పుడు గేమ్ లోపలి ప్రోగ్రామ్ బాగా మారింది. 2023 డిసెంబరులో మళ్లీ మారింది. అందుకే ఒకే మాడ్‌కి రెండు మూడు వెర్షన్లు కనిపిస్తాయి. మీ గేమ్ నంబర్ తెలియకుండా వాటిలో ఒకటి ఎంచుకోవడం కొలత ఇవ్వకుండా చొక్కా కుట్టించుకోవడం లాంటిది.

గేమ్ ఫోల్డర్‌లో స్కైరిమ్ఎస్ఈ అనే ప్రోగ్రామ్ ఫైల్ మీద కుడి క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లో డీటెయిల్స్ చూడండి. ఫైల్ వెర్షన్ కనిపిస్తుంది. చాలామంది దగ్గర ఉండేవి ఈ మూడే:

- 1.5.97: యానివర్సరీ అప్‌డేట్‌కి ముందుది
- 1.6.640: మధ్యలోది, పాత మాడ్ లిస్టుల్లో ఎక్కువగా కనిపిస్తుంది
- 1.6.1170: 2024 జనవరిలో వచ్చింది. కొత్తగా మొదలుపెడుతుంటే ఇదే తీసుకోండి

తర్వాత స్టీమ్‌లో గేమ్ ప్రాపర్టీస్, అప్‌డేట్స్‌లోకి వెళ్లి "గేమ్ లాంచ్ చేసినప్పుడే అప్‌డేట్ చేయి" అనేదాన్ని ఎంచుకోండి. ఆ రోజు నుంచి స్టీమ్‌లో ఉన్న ప్లే బటన్ ముట్టుకోకండి. గేమ్‌ని ఎప్పుడూ ఎంఓ2 నుంచే తెరవండి. రాత్రికి రాత్రే అప్‌డేట్ దిగి మాడ్స్ అన్నీ కూలిపోయే టెన్షన్ అంతటితో చాలావరకు తీరిపోతుంది.

## 3. ఎంఓ2 ఇన్‌స్టాల్ చేయడం

ఎంఓ2కి గేమ్ ఫోల్డర్ బయట, సొంతంగా ఒక ఫోల్డర్ ఇవ్వండి. దాన్ని గేమ్ ఫోల్డర్ లోపల పెట్టడం చాలామంది చేసే పొరపాటు. పెట్టొద్దు.

మొదటిసారి తెరిచినప్పుడు గ్లోబల్ ఇన్‌స్టన్సా, పోర్టబులా అని అడుగుతుంది. ఒక్క స్కైరిమ్‌కే మాడ్స్ వేసేటట్టయితే పోర్టబుల్ తీసుకోండి. మాడ్స్, డౌన్‌లోడ్స్, ప్రొఫైల్స్ అన్నీ ఒకే ఫోల్డర్‌లో ఉంటాయి, బ్యాకప్ తీయడం తేలిక. తర్వాత గేమ్‌ని చూపించి, మాడ్స్ దొరికే వెబ్‌సైట్ నెక్సస్ మాడ్స్‌లోని మీ అకౌంట్ కలపండి.

ఎంఓ2 ఎలా పనిచేస్తుందో రెండు ముక్కల్లో చెప్తాను. ఇది తెలిస్తే సగం భయం పోతుంది. ఎంఓ2 మీ మాడ్స్‌ని గేమ్ ఫోల్డర్‌లోకి కాపీ చేయదు. ఒక్కో మాడ్‌ని దాని సొంత ఫోల్డర్‌లోనే ఉంచి, గేమ్ నడుస్తున్నంతసేపు అవన్నీ గేమ్ డేటా ఫోల్డర్‌లోనే ఉన్నట్టు గేమ్‌కి చూపిస్తుంది. గేమ్ ఆగగానే ఆ తెర పోతుంది. అసలు గేమ్ ఫోల్డర్ చెక్కుచెదరదు. మాడ్ నచ్చకపోతే టిక్ తీసేస్తే చాలు.

అందుకే ఎంఓ2 తెరవకుండా గేమ్‌ని నేరుగా తెరిస్తే మాడ్స్ కనిపించవు. "మాడ్స్ వేశాను కానీ గేమ్‌లో లేవు" అనేవాళ్లలో చాలామందికి కారణం ఇదే.

ప్రొఫైల్ అంటే ఎంఓ2లో విడిగా ఉండే ఒక మాడ్స్ జాబితా. మొదలుపెట్టే ముందు ప్రొఫైల్స్‌లోకి వెళ్లి సేవ్‌లు, ఐఎన్‌ఐ ఫైళ్లు (గేమ్ సెట్టింగ్స్) ప్రొఫైల్‌కి విడిగా ఉండేలా టిక్ పెట్టండి. ఇంకో ప్రొఫైల్ చేసి దానికి "టెస్ట్" అని పేరు పెట్టండి. దీని పని 7లో వస్తుంది.

## 4. ఎస్‌కేఎస్ఈ: దీన్ని మాత్రం చేత్తో పెట్టాలి

స్కైరిమ్ స్క్రిప్ట్ ఎక్స్‌టెండర్, పొట్టిగా ఎస్‌కేఎస్ఈ. గేమ్ మామూలుగా చేయనివ్వని పనులు మాడ్స్ చేయగలిగేలా చేసే టూల్ ఇది. చాలా మాడ్స్ దీని మీదే నిలబడతాయి. మీ గేమ్ వెర్షన్‌కి సరిపోయేదే తీసుకోవాలి:

- గేమ్ 1.5.97 అయితే ఎస్‌కేఎస్ఈ 2.0.20
- 1.6.640 అయితే 2.2.3
- 1.6.1170 అయితే 2.2.6

జీఓజీ అనే ఇంకో దుకాణంలో కొన్నవాళ్లకు విడిగా ఒక ఫైల్ ఉంటుంది, అది తీసుకోవాలి. గేమ్ పాస్, ఎపిక్ కాపీలకు ఎస్‌కేఎస్ఈ లేదు. ఇంకా గేమ్ కొననివాళ్లు ఈ ఒక్క సంగతి చూసుకుని కొనండి.

ఫైల్‌ని 7-జిప్‌తో విప్పండి. లోపలున్న లోడర్ ప్రోగ్రామ్‌నీ, డీఎల్ఎల్ ఫైల్‌నీ గేమ్ ఫోల్డర్‌లో, స్కైరిమ్ఎస్ఈ ప్రోగ్రామ్ పక్కనే పెట్టండి. డేటా ఫోల్డర్‌లో కాదు. దానితోపాటు వచ్చే డేటా అనే ఫోల్డర్‌లో ఉన్న స్క్రిప్ట్స్‌ని గేమ్ డేటా ఫోల్డర్‌లోకి కాపీ చేయండి.

ఎంఓ2లో పైన కుడివైపు ప్రోగ్రామ్‌లు ఎంచుకునే చోట ఎస్‌కేఎస్ఈ కనిపిస్తుంది. కనిపించకపోతే అదే జాబితాలో ఎడిట్‌కి వెళ్లి లోడర్‌ని చేర్చండి. దాన్ని ఎంచుకుని రన్ నొక్కండి.

గేమ్‌లో ట్యాబ్ కీ పైనున్న కీ నొక్కితే కన్సోల్, అంటే ఆదేశాలు టైప్ చేసే చోటు, తెరుచుకుంటుంది. అక్కడ "గెట్ఎస్‌కేఎస్ఈవెర్షన్" అని, ఇంగ్లీషు అక్షరాల్లో, మధ్యలో ఖాళీ లేకుండా కొట్టండి. నంబర్ వస్తే పని అయినట్టే. నంబర్ రాకుండా ముందుకు వెళ్లకండి.

## 5. మొదటి ఐదు మాడ్స్

నెక్సస్‌లో మాడ్ పేజీలో ఫైల్స్‌కి వెళ్లి "మాడ్ మేనేజర్ డౌన్‌లోడ్" నొక్కితే ఫైల్ నేరుగా ఎంఓ2 డౌన్‌లోడ్స్‌లోకి వస్తుంది. అక్కడ దాని మీద రెండుసార్లు క్లిక్ చేస్తే ఇన్‌స్టాల్ అవుతుంది. ఎడమవైపు జాబితాలో టిక్ పెడితే ఆన్ అవుతుంది.

ఈ వరసలో వేయండి:

1. అడ్రస్ లైబ్రరీ. ఎస్‌కేఎస్ఈ మీద నడిచే చాలా మాడ్స్‌కి ఇది ఆధారం. 1.5, 1.6 వెర్షన్లకు వేర్వేరు ఫైళ్లు ఉంటాయి, చూసి తీసుకోండి
2. అనఫీషియల్ స్కైరిమ్ స్పెషల్ ఎడిషన్ ప్యాచ్. వందల తప్పులు దిద్దుతుంది. మొదట చెప్పిన 4 క్రియేషన్లు కావాల్సింది దీనికే. పాత గేమ్ వెర్షన్ అయితే ప్యాచ్ కూడా పాతదే వేయాలి
3. స్కైయూఐ. గేమ్ మెనూలను వాడటానికి సులువుగా మార్చే మాడ్
4. ఎస్ఎస్ఈ ఇంజిన్ ఫిక్సెస్. గేమ్ ఇంజిన్ లోపాలు దిద్దుతుంది. దీని పేజీలో ఇన్‌స్టాల్ సూచనలు చివరిదాకా చదవండి
5. క్రాష్ లాగర్. గేమ్ క్రాష్ అయిన ప్రతిసారీ కారణం రాసిపెట్టే మాడ్. జబ్బు రాకముందే డాక్టర్ నంబర్ దగ్గర పెట్టుకున్నట్టు

ఇప్పుడు గేమ్ తెరిచి కొత్త ఆట మొదలుపెట్టండి. సామాను సంచి తెరిస్తే వస్తువుల పేర్ల పక్కన బరువు, విలువ వరుసగా గడుల్లో కనిపించాలి. అలా కనిపిస్తే ఎస్‌కేఎస్ఈ, స్కైయూఐ రెండూ పనిచేస్తున్నట్టే.

ఇన్‌స్టాల్ చేసేటప్పుడు ఎంఓ2 ఒక్కోసారి ఫైళ్ల చెట్టు చూపించి, కింద ఎర్ర అక్షరాల్లో డేటా సరిగ్గా లేదంటుంది. మాడ్ చేసినవాళ్లు ఫైళ్లను ఒక ఫోల్డర్ ఎక్కువగా చుట్టారన్నమాట. మెషెస్ (వస్తువుల ఆకారాలు), టెక్స్చర్స్ (వాటి పైనుండే రంగులు, బొమ్మలు), స్క్రిప్ట్స్ (ఆటలో పనులు నడిపే కోడ్) వంటి పేర్లున్న ఫోల్డర్లు దేని లోపల ఉన్నాయో చూడండి. ఆ పై ఫోల్డర్ మీద కుడి క్లిక్ చేసి దాన్ని డేటా డైరెక్టరీగా ఎంచుకోండి. కింది అక్షరాలు వెంటనే ఆకుపచ్చగా మారతాయి.

## 6. రెండు జాబితాలు, రెండు వరసలు

ఇక్కడ కొంచెం నిదానంగా చదవండి. కొత్తవాళ్లు ఎక్కువగా తికమకపడేది ఇక్కడే.

ఎడమ జాబితా ఫైళ్ల కోసం. రెండు మాడ్స్‌లో ఒకే దారిలో ఒకే పేరున్న ఫైల్ ఉంటే, జాబితాలో కింద ఉన్నదే గెలుస్తుంది. ఒక ఉదాహరణ. పాత ఇళ్ల వస్తువులన్నిటికీ కొత్త రూపం ఇచ్చే పెద్ద మాడ్ ఒకటి వేశారు. దానిలో చెక్క పీపా కూడా ఉంది. పీపా ఒక్కదాన్నే చాలా అందంగా చేసిన చిన్న మాడ్ ఇంకొకటి వేశారు. చిన్నది పైన, పెద్దది కింద ఉంటే మీకు కనిపించేది పెద్ద మాడ్‌లోని పీపానే. చిన్న మాడ్ వేసీ వేయనట్టే. దాన్ని మౌస్‌తో లాగి పెద్దదాని కిందికి తెండి. పెద్దవి పైన, ప్రత్యేకమైనవి కింద అని గుర్తుపెట్టుకుంటే చాలావరకు సరిపోతుంది.

మాడ్ పక్కన మెరుపు గుర్తు కనిపిస్తే దానికి ఇంకో మాడ్‌తో పోటీ ఉందని అర్థం. ఆకుపచ్చ ప్లస్ ఉంటే ఇది గెలుస్తోంది, ఎర్ర మైనస్ ఉంటే ఓడుతోంది. మైనస్ చూసి కంగారుపడొద్దు. ఏది గెలవాలన్నది మీ ఇష్టం.

కుడి జాబితా ప్లగిన్ల కోసం. ఈఎస్ఎం, ఈఎస్‌పీ, ఈఎస్ఎల్ అనే ఫైళ్లు ఇవి. శత్రువు బలం, కత్తి ధర, ఊళ్లో మనుషులు వంటి ఆట లెక్కలన్నీ వీటిలో ఉంటాయి. ఇక్కడా కిందిదే గెలుస్తుంది, కానీ ఈ వరస వేరు, ఎడమ వరస వేరు. ఎడమవైపు మార్చినంత మాత్రాన కుడివైపు మారదు.

కుడివైపు సార్ట్ నొక్కితే లూట్ అనే టూల్ వరస కడుతుంది. మొదట్లో దాన్నే నమ్మండి. మాడ్ పేజీలో "నన్ను అన్నిటికంటే కింద పెట్టండి" వంటి సూచన ఉంటే అది మాత్రం మీరు చేత్తో సరిచేయండి.

మామూలు ప్లగిన్లు 254 దాటకూడదు. లైట్ ప్లగిన్లు (ఈఎస్ఎల్ రకం) 4096 దాకా పెట్టుకోవచ్చు. ఒకే మాడ్ రెండు రకాలుగానూ దొరికితే లైట్ రకం తీసుకోండి.

ప్లగిన్ పక్కన హెచ్చరిక గుర్తు వస్తే దాని మీద మౌస్ పెట్టండి. మాస్టర్ లేదు అని కనిపిస్తే, ఆ ప్లగిన్ ఆధారపడే ఇంకో మాడ్ మీ దగ్గర లేదన్నమాట. అది వేసేదాకా గేమ్ మెనూ కూడా రాకుండా మూసుకుపోతుంది.

రెండు జాబితాల పైనా చిన్న బ్యాకప్ బటన్లు ఉన్నాయి. వరస మార్చే ముందు నొక్కడం అలవాటు చేసుకోండి.

## 7. మిగతావి: మూడేసి, మూడేసి

ఇక మీకు నచ్చినవి వేసుకోవచ్చు. ఒకసారికి మూడు, మరీ అయితే ఐదు. టెక్స్చర్ మాడ్స్ పది వేసినా పెద్దగా ముప్పు లేదు. స్క్రిప్టులు, యుద్ధ విధానం, కదలికలు మార్చేవి మాత్రం ఒక్కొక్కటిగానే వేయండి.

ప్రతి విడతకీ ఈ ఐదూ చేయండి:

- మాడ్ పేజీలో రిక్వైర్‌మెంట్స్ చదివాను, అవన్నీ నా దగ్గర ఉన్నాయి
- పోస్ట్స్‌లో నా గేమ్ వెర్షన్ వాళ్లు ఏమంటున్నారో చూశాను
- మెరుపు గుర్తులు చూసి ఎవరు గెలవాలో నిర్ణయించాను
- టెస్ట్ ప్రొఫైల్‌లో గేమ్ తెరిచి పది నిమిషాలు తిరిగాను
- మాడ్ పేరు, వెర్షన్, తేదీ నోట్‌బుక్‌లో రాసుకున్నాను

త్వరగా పరీక్షించాలంటే మెయిన్ మెనూలోనే కన్సోల్ తెరిచి "సీఓసీ రివర్‌వుడ్" అని ఇంగ్లీషులో కొట్టండి. నేరుగా రివర్‌వుడ్ ఊళ్లో దిగుతారు. అక్కడి నుంచి వైట్‌రన్ దాకా పరిగెత్తుకుంటూ వెళ్లండి. కొత్త ప్రాంతాలు వరుసగా లోడ్ అవుతాయి కాబట్టి లోపం ఉంటే ఆ దారిలోనే చాలావరకు బయటపడుతుంది. ఈ ఆటని సేవ్ చేసి కొనసాగించకండి. ఇది పరీక్షకు మాత్రమే.

టెక్స్చర్ సైజు సంగతి. 4కే టెక్స్చర్‌లో 2కేకి నాలుగు రెట్లు పిక్సెళ్లు ఉంటాయి. మన దగ్గర చాలామంది ఆడేది 4 జీబీ గ్రాఫిక్స్ మెమరీ ఉన్న ల్యాప్‌టాప్‌ల మీద. వాళ్లకు 2కే చాలు, గిన్నెలు, చెంచాల వంటి వాటికి 1కే చాలు. కొండలకి 4కే పెట్టి గేమ్ నత్తనడక నడిస్తే ఆ అందం చూసే ఓపిక కూడా మిగలదు.

మాడ్స్ యాభై దాటాక ఎడమ జాబితాలో సెపరేటర్లు పెట్టుకోండి: ఆధారాలు, టెక్స్చర్లు, మనుషులు, యుద్ధం, ప్యాచ్‌లు. వెతుక్కోవడం సులువవుతుంది.

## 8. ఆట మధ్యలో మాడ్ తీయొద్దు

ఇది నాకు నేనుగా అనుభవించి తెలుసుకున్న పాఠం. అరవై గంటలు ఆడిన ఆటలో, అక్కర్లేదనిపించి స్క్రిప్టులున్న మాడ్ ఒకటి తీసేశాను. ఆ రోజు ఏమీ కాలేదు. నాలుగు రోజుల తర్వాత ఒక ఊరి గేటు దగ్గరికి వెళ్లినప్పుడల్లా క్రాష్ అవడం మొదలైంది. మాడ్ తిరిగి వేసినా బాగుపడలేదు. ఆ స్క్రిప్టుల అవశేషాలు సేవ్ ఫైల్లోనే ఉండిపోతాయి. మాడ్ పోయినా అవి పోవు. ఆ ఆట అక్కడితో వదిలేయాల్సి వచ్చింది. ఇప్పటికీ బాధే.

- టెక్స్చర్లు, మెషెస్ మాత్రమే ఉన్న మాడ్స్: ఎప్పుడైనా వేయొచ్చు, తీయొచ్చు
- ప్లగిన్ ఉన్నవి: ఆట మధ్యలో వేయడం చాలాసార్లు ఫరవాలేదు, తీయొద్దు
- స్క్రిప్టులున్నవి: కొత్త ఆట మొదలుపెట్టే ముందే నిర్ణయించుకోండి

సేవ్‌లు బ్యాకప్ తీసేటప్పుడు ఒకే పేరుతో రెండు ఫైళ్లు కనిపిస్తాయి. ఒకటి ఈఎస్ఎస్, రెండోది ఎస్‌కేఎస్ఈ. రెండూ కలిపి కాపీ చేయాలి. రెండోది వదిలేస్తే మాడ్స్ దాచుకున్న సమాచారం కొంత పోతుంది.

## 9. ఏది కనిపిస్తే ఏం చేయాలి

వస్తువు ఊదారంగులో మెరుస్తోంది. టెక్స్చర్ దొరకలేదు. ఆ మాడ్‌ని మళ్లీ ఇన్‌స్టాల్ చేయండి, సగమే దిగి ఉండొచ్చు.

వస్తువు బదులు ఆశ్చర్యార్థకం ఉన్న ఎర్ర గుర్తు. మెష్ దొరకలేదు. ఇదీ అంతే.

మనిషి ముఖం నల్లగా, ఒళ్లు మామూలు రంగులో. రెండు మాడ్స్ ఒకే మనిషిని మార్చాయి. ముఖం ఫైల్ ఒకదాని నుంచీ, ప్లగిన్ ఇంకోదాని నుంచీ గెలిచాయి. మీకు నచ్చిన ముఖం ఏ మాడ్‌దో దాన్ని ఎడమ జాబితాలో కిందికి, దాని ప్లగిన్‌ని కుడి జాబితాలో కిందికి తెండి. రెండుచోట్లా అదే గెలవాలి.

మనుషులు చేతులు చాచి బిగుసుకుపోయారు. కదలికల మాడ్ వేశాక, ఆ కదలికలను గేమ్‌కి కలిపే నెమెసిస్ లేదా పండోరా టూల్ మళ్లీ నడపలేదు. ఎంఓ2 నుంచే నడపండి.

ఓవర్‌రైట్ ఎర్రగా మారింది. టూల్స్ తయారుచేసిన ఫైళ్లు ఎడమ జాబితా అడుగున ఉన్న ఓవర్‌రైట్‌లో పడతాయి. అవి అన్నిటినీ గెలుస్తాయి. కుడి క్లిక్ చేసి క్రియేట్ మాడ్‌తో వాటికో పేరు పెట్టి వేరుచేయండి.

గేమ్ వెర్షన్ కొత్తదని ఎస్‌కేఎస్ఈ అంటోంది. అప్‌డేట్ దిగిపోయింది. మొదట ఎస్‌కేఎస్ఈ, తర్వాత అడ్రస్ లైబ్రరీ, ఆ తర్వాత డీఎల్ఎల్ ఉన్న మాడ్స్ కొత్త వెర్షన్‌కి మార్చండి. టెక్స్చర్లను ముట్టుకోనక్కర్లేదు.

ఎందుకో తెలియదు, క్రాష్ అవుతోంది. డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్, స్కైరిమ్ స్పెషల్ ఎడిషన్, ఎస్‌కేఎస్ఈ ఫోల్డర్‌లో క్రాష్ లాగ్ తెరవండి. పైభాగంలో ఏదైనా మాడ్ డీఎల్ఎల్ పేరు గానీ, ప్లగిన్ పేరు గానీ పదే పదే కనిపిస్తే అనుమానం దాని మీదే. మూడు క్రాష్‌ల లాగ్‌లు పక్కపక్కన పెట్టి చూస్తే ఇంకా స్పష్టంగా తెలుస్తుంది.

లాగ్‌లోనూ తేలకపోతే టెస్ట్ ప్రొఫైల్‌కి మారండి. మొదటి ఐదు మాడ్స్ ఉంచి, మిగతావాటిలో సగం ఆపండి. ఒక మాడ్ మీద ఆధారపడేవి దానితోపాటే ఆపాలి, లేకపోతే మాస్టర్ లేదనే క్రాష్ కొత్తగా వస్తుంది. సీఓసీతో దిగి పరిగెత్తండి. క్రాష్ రాకపోతే తప్పు ఆపిన సగంలో ఉంది, వస్తే ఉంచిన సగంలో ఉంది. ఆ సగాన్ని మళ్లీ సగం చేయండి. అరవై నాలుగు మాడ్స్ ఉన్నా ఆరు విడతల్లో ఒక్కటి దగ్గరికి వచ్చేస్తారు. ఆ పేరు నోట్‌బుక్‌లో ఎర్ర ఇంకుతో రాసి, అసలు ప్రొఫైల్‌కి తిరిగి రండి. తీసేసే ముందు దాని పేజీలో మీ మిగతా మాడ్స్‌కి సరిపోయే ప్యాచ్ ఏదైనా ఉందేమో ఒకసారి వెతకండి.